చిన్న పట్టాల మీద పెద్ద యుద్ధం – లెక్కలో లేని మన కూలీలు



మొన్న సెలవుల్లో హాస్టల్‌కు వచ్చినప్పుడు పదో తరగతి తమ్ముడొకడు మమ్మల్ని ఒక ప్రశ్న అడిగాడు. "అన్నా, యుద్ధం అంటే విమానాలు, ట్యాంకులు కదా. మరి మా సాంఘిక శాస్త్రం పుస్తకంలో రైళ్ళ గురించి ఎందుకు రాశారు? రైలుకూ యుద్ధానికీ ఏమిటి సంబంధం?" అప్పటికప్పుడు నాలుగు మాటలు చెప్పి పంపించాం గానీ, ఆ ప్రశ్న మమ్మల్ని వదల్లేదు. దానికి జవాబు వెతుక్కుంటూ పోతే మన తెలుగు కూలీల కథ ఒకటి ఎదురైంది. ఆ సంగతే ఈ వ్యాసం.

మనకు తెలిసిన చిన్న లైను

ముందు మన ఊరి నుంచే మొదలు పెడదాం. మార్కాపురం రోడ్డు, కంభం, గిద్దలూరు స్టేషన్ల మీదుగా పోయే గుంటూరు – గుంతకల్లు లైను ఇప్పుడు బ్రాడ్ గేజి. కానీ మన ఇళ్ళలో యాభై ఏళ్ళు దాటిన వారిని అడిగి చూడండి. "మా కాలంలో అది చిన్న లైను, చిన్న బండి" అంటారు. అది మీటర్ గేజి లైను. 1990లలో దాన్ని పెద్ద లైనుగా మార్చారు.

గేజి అంటే మరేమీ కాదు, రెండు పట్టాల మధ్య ఉండే దూరం. మన దేశంలో బ్రాడ్ గేజి అయిదడుగుల ఆరంగుళాలు. మీటర్ గేజి పేరులోనే ఉంది, ఒక మీటరు, అంటే మూడడుగుల మూడంగుళాల పైచిలుకు. అంతకంటే తక్కువ వెడల్పున్న వాటిని మన రైల్వేలో నారో గేజి అన్నారు. అవి ముఖ్యంగా రెండు రకాలు, రెండున్నర అడుగులది ఒకటి, రెండడుగులది ఇంకొకటి.

మన లైను ఎందుకు పుట్టిందో కూడా తెలుసుకోవాలి. 1876–78లో ధాత కరువు అని పెద్దలు చెప్పుకునే మహా కరువు వచ్చింది. లక్షలాది మంది తిండి లేక చనిపోయారు. ఒకచోట ధాన్యం ఉన్నా, ఇంకొకచోటికి చేర్చడానికి సరైన దారి లేకపోయింది. ఎడ్లబండి మీద తేవాలంటే దారిలో ఎద్దులకూ మేత, నీళ్ళు కావాలి. కరువులో అవి ఎక్కడివి? అందుకే 1880లో కరువు కమిషన్ రైలు మార్గాలు పెంచాలని సిఫారసు చేసింది. ఆ దశాబ్దంలోనే సదరన్ మరాఠా రైల్వే వారు మన మెట్ట ప్రాంతాల గుండా మీటర్ గేజి లైను వేయించారు. తక్కువ డబ్బుతో, తొందరగా పూర్తి కావాలి కాబట్టే చిన్న గేజిని ఎంచుకున్నారు.

ఈ రెండు మాటలు గుర్తు పెట్టుకోండి. తక్కువ ఖర్చు, తొందర. కరువులో ఏ కారణంతో చిన్న లైను వేశారో, యుద్ధంలోనూ అదే కారణంతో వేశారు.

చిన్న గేజి వలన లాభం ఏమిటి?

గిద్దలూరు దాటి దిగువమెట్ట నుంచి నల్లమల కనుమ ఎక్కే దారి మీలో చాలామంది చూసే ఉంటారు. కొండల్లో పట్టాలు నేరుగా పోలేవు, ఒంపులు తిరగాలి. పెద్ద గేజి బండి ఒంపు తిరగాలంటే ఎక్కువ చోటు కావాలి. అంటే కొండను ఎక్కువగా తొలవాలి, లోయలో ఎక్కువ మట్టి పొయ్యాలి, వంతెన పొడవు పెంచాలి. చిన్న బండి అయితే కొండ అంచు పట్టుకుని ఇరుకు ఒంపులో కూడా తిరిగిపోతుంది. పాత మీటర్ గేజి దొరబావి వంతెన మీదుగా పోయేది. పెద్ద లైను వేసినప్పుడు దారి మార్చుకోవలసి వచ్చింది, పాత వంతెన పక్కన పడిపోయింది.

రెండో లాభం బరువు. చిన్న లైనుకు సన్న పట్టా చాలు, పొట్టి దిమ్మ చాలు. మరీ చిన్నదైన రెండడుగుల లైను అయితే పట్టా ముక్కను నలుగురు మనుషులు ఎత్తి మోసుకుపోగలరు.

నష్టాలు కూడా ఉన్నాయి. చిన్న బండి తక్కువ సరుకు మోస్తుంది, నెమ్మదిగా పోతుంది. పెద్ద లైనూ చిన్న లైనూ కలిసే చోట సరుకంతా ఒక వ్యాగన్ నుంచి దించి ఇంకొక వ్యాగన్‌లోకి ఎక్కించాలి. ఆ ఎక్కించే దించే పని ఎవరి భుజాల మీద పడుతుందో వేరే చెప్పనక్కర లేదు.

మొదటి ప్రపంచ యుద్ధంలో

1914లో మొదలైన మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్సు, బెల్జియం దేశాల్లో సైన్యాలు కందకాలు తవ్వుకుని ఎదురెదురుగా ఏళ్ళ తరబడి కూర్చున్నాయి. ఫిరంగులకు గుండ్లు కావాలి, సైనికులకు రొట్టె, నీళ్ళు కావాలి, గాయపడిన వారిని వెనక్కి తేవాలి. పెద్ద రైలు కొంతదూరం వరకే వస్తుంది. ఇంకా దగ్గరికి వస్తే శత్రువు ఫిరంగికి దొరికిపోతుంది. ఆ చివరి కొన్ని మైళ్ళు గుర్రాలు, లారీలు పోవాలి. కానీ గుండ్లు పడి పడి నేలంతా గుంటలు. వాన పడితే మోకాటి లోతు బురద. లారీ చక్రం దిగబడితే అంతే సంగతులు.

దానికి దొరికిన ఉపాయమే అరవై సెంటీమీటర్ల చిన్న రైలు. ఫ్రాన్సులో డెకావిల్ అనే కంపెనీ అప్పటికే పొలాలకు, గనులకు ఇటువంటి పట్టాలు తయారు చేసేది. రెండు పట్టాలూ ఇనుప దిమ్మలకు బిగించి ఉన్న ముక్కలు తెచ్చి, నిచ్చెనలు పరచినట్టు ఒకదాని తర్వాత ఒకటి నేల మీద పరుచుకుంటూ పోవడమే. గుండు పడి ఒక ముక్క విరిగితే దాన్ని తీసేసి ఇంకొకటి పెడతారు. ఫ్రెంచివారు, జర్మన్లు మొదటి నుంచీ దీనికి సిద్ధంగా ఉన్నారు. బ్రిటిష్ వారు మాత్రం లారీలనే నమ్ముకుని, 1916 తర్వాత గానీ పెద్ద ఎత్తున దిగలేదు. దిగాక అమెరికాలోని బాల్డ్విన్ కంపెనీ ఒక్కటే వారికి 495 చిన్న ఆవిరి ఇంజన్లు చేసి ఇచ్చింది.

ఇందులో ఒక చిన్న కిటుకు ఉంది. ఆవిరి ఇంజను పగలు పొగ వదులుతుంది, రాత్రి నిప్పురవ్వలు ఎగరేస్తుంది. శత్రువుకు గురి చూపించినట్టే. కాబట్టి వెనక వైపు ఆవిరి ఇంజన్లు లాగేవి. ముందు వరుస దగ్గరికి వచ్చాక పెట్రోలుతో నడిచే చిన్న ట్రాక్టర్లు అందుకునేవి. అవి కూడా చీకట్లో, దీపం లేకుండా నడిచేవి.

అప్పుడు కూడా మన దేశపు మనుషులు అక్కడ ఉన్నారు. 1917లో ఇండియన్ లేబర్ కోర్ పేరుతో వేలాది మంది కూలీలను ఫ్రాన్సుకు తీసుకుపోయారు. ఇప్పటి ఇరాక్‌లో, ఆనాటి మెసపొటేమియాలో, టర్కీ సైన్యంతో జరిగిన యుద్ధానికి మన దేశం నుంచే పట్టాలు, ఇంజన్లు, రైల్వే పనివారు ఓడలెక్కి పోయారు. అక్కడ 1916 ఏప్రిల్‌లో కూట్ అనే ఊళ్ళో చుట్టుముట్టబడిన సైన్యం తిండి అయిపోయి లొంగిపోయింది. అందులో భారతీయ సిపాయిలే ఎక్కువ. రవాణా లేక ఓడిపోయామని గ్రహించాక రెండున్నర అడుగుల లైను, మీటర్ గేజి లైను గబగబా వేసుకుంటూ పోయారు.

పట్టాలు పీకిన ఊళ్ళు

యుద్ధానికి పట్టాలు కావాలంటే కొత్తవి చేయించేంత సమయం ఉండదు. ఉన్నచోట పీకి తీసుకుపోవడమే. రెండో ప్రపంచ యుద్ధంలో మన పొరుగునే ఇది జరిగింది. తెలుగు మాట్లాడేవారు ఎక్కువగా ఉన్న తమిళనాడు పట్టణం హోసూరుకు మొరప్పూరు నుంచి ధర్మపురి మీదుగా రెండున్నర అడుగుల లైను ఉండేది. 1906లో ధర్మపురి దాకా, 1913లో హోసూరు దాకా వచ్చింది. 1941లో దాన్ని మూసేసి, యుద్ధ అవసరాల పేరుతో పట్టాలు తీసేశారు. ఎక్కడో జరిగే యుద్ధానికి ఇక్కడి పల్లెవాడు బండి పోగొట్టుకున్నాడు. ఆ ఊరు మళ్ళీ రైలు చూడటానికి చాలా ఏళ్ళు పట్టింది.

అయితే పట్టాలు పోవడం చిన్న నష్టమే. అసలు నష్టం మనుషులది. అది చెప్పాలంటే సముద్రం దాటి మలయాకు, బర్మాకు పోవాలి.

మలయాకు పోయిన తెలుగువారు

ఇప్పటి మలేషియాను అప్పట్లో మలయా అనేవారు. బ్రిటిష్ దొరల రబ్బరు, కొబ్బరి తోటల్లో పని చేయడానికి మద్రాసు రాజధాని నుంచి లక్షల మంది కూలీలు వెళ్ళారు. ఎక్కువ మంది తమిళులు. సంఖ్యలో వారి కంటే చాలా తక్కువైనా తెలుగువారు కూడా వేలల్లో వెళ్ళారు, ముఖ్యంగా విశాఖ, శ్రీకాకుళం, గోదావరి ప్రాంతాల నుంచి. కంగాణి అనే మేస్త్రీ ఊరికి వచ్చి అడ్వాన్సు ఇచ్చి మనుషులను కట్టుకుని పోయేవాడు. ఇప్పుడు మన ప్రాంతం నుంచి మేస్త్రీ వెంట పట్నాలకు పనికి పోయే కుటుంబాలను చూసిన వారికి ఈ పద్ధతి కొత్తేమీ కాదు.

బర్మాకు కూడా అలాగే వెళ్ళారు. రంగూన్ రేవులో బరువులు మోసే పనిలో తెలుగువారు చాలామంది ఉండేవారు. కోరంగి రేవు నుంచి ఓడలెక్కి పోయారు కాబట్టి అక్కడి వారు మనవాళ్ళను 'కోరంగీలు' అని పిలిచేవారు.

1941 డిసెంబరులో జపాన్ సైన్యం మలయాలో దిగింది. 1942 ఫిబ్రవరి 15న సింగపూరు, మార్చి 8న రంగూన్ జపాను వశమయ్యాయి. ఏప్రిల్ 6న మన విశాఖపట్నం, కాకినాడల మీద కూడా బాంబులు పడ్డాయి. తోటల దొరలు పారిపోయారో, జైలు పాలయ్యారో, పని ఆగిపోయింది. కూలీలు పని లేక, బియ్యం లేక అక్కడే చిక్కుకుపోయారు.

బర్మా రైలు ఎందుకు వేశారు?

బర్మాలో ఉన్న తన సైన్యానికి జపాన్ సరుకు పంపాలి. సముద్రం మీద పంపితే శత్రువుల జలాంతర్గాములు ముంచేస్తున్నాయి. నేల మీద పంపాలంటే థాయ్‌లాండ్‌కూ బర్మాకూ మధ్య కొండలు, దట్టమైన అడవి. రెండు దేశాల్లోనూ మీటర్ గేజి రైళ్ళు ఉన్నాయి, మధ్యలో మాత్రం దారి లేదు. బ్రిటిష్ వారు ఎప్పుడో ఆ దారి పరిశీలించి, కష్టమని వదిలేశారు.

జపాన్ సైన్యం దాన్ని పట్టుకుంది. థాయ్‌లాండ్‌లోని నాంగ్ ప్లాదుక్ నుంచి బర్మాలోని తన్‌బ్యుజయత్ వరకు 415 కిలోమీటర్లు. 1942 మధ్యలో రెండు వైపుల నుంచీ పని మొదలు పెట్టి, 1943 అక్టోబరు 17న రెండు ముక్కలనూ కలిపారు. ఏడాదిన్నర కూడా పట్టలేదు. దారిలో చిన్నా పెద్దా 600కు పైగా వంతెనలు, చాలా వరకు అడవి కలపతో కట్టినవి. పట్టాల్లో చాలా భాగం మలయా తూర్పు తీరపు రైలు మార్గం పీకి తెచ్చినవి.

ఆ లైను గేజి మన మార్కాపురం, గిద్దలూరు పాత లైను గేజియే. అదే మీటరు వెడల్పు. అందుకే చిన్నగేజి లాభాలన్నీ అక్కడ కనిపిస్తాయి. కొండ అంచున ఒంపులు తిరిగింది, కలప వంతెనల మీద నడిచింది, అటూ ఇటూ ఉన్న లైన్లకు అతుక్కుంది. కానీ మన దగ్గర ఏళ్ళు పట్టిన పనిని అక్కడ నెలల్లో చేయించారు. యంత్రాలు దాదాపు లేవు. గునపం, పార, తట్ట, సుత్తి, ఏనుగులు, మనుషులు, అంతే.

మనుషులను ఎలా తెచ్చారు?

పనిలో రెండు రకాల మనుషులు ఉన్నారు. ఒకరు యుద్ధ ఖైదీలు. బ్రిటన్, ఆస్ట్రేలియా, హాలెండ్, అమెరికా సైనికులు, సుమారు 60 వేలకు పైగా. రెండో వారు ఆసియా కూలీలు. బర్మావారు, మలయా తమిళులు, తెలుగువారు, మలయులు, చైనీయులు, జావావారు. వీరు 1,80,000కు పైనే ఉంటారని అంచనా. జపాన్ వారు జావా కూలీలను 'రోముషా' అన్నారు. ఆ మాట తర్వాత ఆసియా కూలీలందరికీ వాడుకలోకి వచ్చింది.

మొదట్లో తోటల్లో చాటింపు వేసి పిలిచారు. మూడు నెలల పని, రోజుకు ఒక డాలరు కూలి, తిండి, మందులు, పని అయ్యాక ఇంటికి అన్నారు. పని లేక మలమల మాడుతున్న వాళ్ళు నమ్మి పోయారు. కొందరు పెళ్ళాం పిల్లలతో సహా పోయారు. పోయిన వాళ్ళు తిరిగి రాకపోవడంతో మిగతా వాళ్ళు వెనకాడారు. అప్పుడు బలవంతం మొదలైంది. ఉచితంగా సినిమా అని జనాన్ని పోగు చేసి, తలుపులు మూసి లారీలెక్కించారని బతికి వచ్చిన వారు చెప్పారు. సరుకు వ్యాగన్లలో కుక్కి థాయ్‌లాండ్ దాకా తీసుకుపోయి, అక్కడి నుంచి అడవిలో రోజుల తరబడి నడిపించారు.

1943 వానాకాలం అన్నిటికంటే చెడ్డది. గడువు దగ్గర పడుతోందని పగలూ రాత్రీ పని చేయించారు. ఆ వానల్లోనే కలరా వచ్చింది. మలేరియా, నెత్తురు విరేచనాలు, కాళ్ళ మీద మానని పుండ్లు సరేసరి.

తేడా ఎక్కడ వచ్చింది?

తమ్ముళ్ళూ, మేము చెప్పదలచుకున్న అసలు సంగతి ఇక్కడ ఉంది. సైనిక ఖైదీల బాధ తక్కువది కాదు. వారిలో 12 వేలకు పైగా చనిపోయారు. ఒక్కొక్కరూ ఎముకల గూళ్ళయ్యారు. అయినా వారికి నాలుగు ఆసరాలు ఉన్నాయి. ఒకటి, వారి మధ్యే డాక్టర్లు ఉన్నారు. మందు లేకపోయినా నీళ్ళు కాచి తాగమని, మరుగుదొడ్డి ఎక్కడ తవ్వాలో చెప్పేవారు. రెండు, వారికి అధికారులు ఉన్నారు. కాపలావాళ్ళతో వాదించి కాస్త బియ్యమైనా సాధించేవారు. మూడు, కట్టుబాటు ఉంది. ఒకడు పడిపోతే ఇంకొకడు చూసుకునేవాడు. నాలుగు, వారు రాసుకునేవారు. ఎవరు, ఏ రోజు, ఏ జబ్బుతో పోయారో, ఎక్కడ పూడ్చారో దొంగతనంగా చీటీల మీద, పుస్తకాల్లో రాసి దాచిపెట్టుకున్నారు.

మన కూలీలకు ఈ నాలుగూ లేవు. డాక్టరు లేడు. అడిగే నాయకుడు లేడు. వేర్వేరు ఊళ్ళ వాళ్ళను, వేర్వేరు భాషల వాళ్ళను ఒకచోట పడేశారు. రాసుకోవడానికి చదువు లేదు. కలరా వచ్చిన గుడిసెల్లో చచ్చిన వాళ్ళను తగలబెట్టడమో, గోతుల్లో వెయ్యడమో తప్ప పేరు అడిగిన వాడు లేడు. ఆసియా కూలీల్లో సుమారు 90 వేల మంది చనిపోయి ఉంటారని అంచనా. అంటే వెళ్ళిన వారిలో దాదాపు సగం.

ఈ లెక్కలు రెండూ పక్క పక్కన పెట్టి చూడండి. ఖైదీల సమాధులను ఒక్కొక్కటిగా లెక్కపెట్టవచ్చు. కూలీల మరణాలు మాత్రం వేలల్లో, పదివేలల్లో, 'సుమారు', 'అంచనా' అనే మాటలతోనే ఉంటాయి. అందులో తెలుగువారు ఎందరో వేరుగా రాసిన వారు లేరు.

ఆ రైలు పని చేసిందా?

ఇంత చేసి వేసిన రైలు ఎంత పని చేసింది? మొదట రోజుకు 3 వేల టన్నుల సరుకు పోవాలని లెక్క వేశారు. తర్వాత దాన్ని వెయ్యికి తగ్గించారు. వానకు కట్టలు జారేవి, పచ్చి కలప వంతెనలు కుంగేవి, బ్రిటిష్, అమెరికా విమానాలు బాంబులు వేసేవి. కాంచనబురి దగ్గరి పెద్ద వంతెన 1945లో బాంబులకు కూలింది. అయినా 1944లో మన దేశం మీదికి, ఇంఫాల్, కొహిమాల వైపు వచ్చిన జపాన్ సైన్యానికి వెనక నుంచి సరుకు వచ్చిన దారుల్లో ఇదీ ఒకటి.

ఆ యుద్ధంలో ఇవతలి పక్షాన ఉన్నది కూడా మీటర్ గేజి రైలే. కలకత్తా నుంచి వచ్చిన పెద్ద లైను సరుకును పార్వతీపూర్‌లో దించి మీటర్ గేజికి ఎక్కించాలి. పాండు దగ్గర బ్రహ్మపుత్ర మీద అప్పటికి వంతెన లేదు, వ్యాగన్లను పడవల మీద దాటించాలి. అక్కడి నుంచి అస్సాం కొండల పక్కన దిమాపూర్ దాకా, లెడో దాకా పోవాలి. యుద్ధానికి ముందు తేయాకు పెట్టెలు మోసిన చిన్న లైను ఇది. 1944 మార్చి 1న అమెరికా సైన్యపు రైల్వే దళం వచ్చి సుమారు 800 మైళ్ళ లైనును తన చేతిలోకి తీసుకుంది, తమ దేశం నుంచి కొత్త ఇంజన్లు తెచ్చి నడిపింది. కొహిమాకు దిమాపూర్ 75 కిలోమీటర్ల లోపే. జపాన్ సైన్యం దిమాపూర్ స్టేషను దాకా వచ్చి ఉంటే ఏమయ్యేదో చెప్పలేం. అది రాలేకపోయింది, తిండి లేక వెనుదిరిగింది. చివరికి ఆ యుద్ధంలో గెలుపోటములు సరుకు అందడం మీదే చాలా వరకు ఆధారపడ్డాయి.

ఈ అస్సాం లైనుకు తెలుగువారితో ఇంకొక సంబంధం ఉంది. 1942లో రంగూన్ పడిపోయాక బర్మా నుంచి నాలుగైదు లక్షల మంది భారతీయులు ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని మన దేశానికి తిరిగి వచ్చారు. వారిలో వేలాది తెలుగువారు. చాలామంది కొండలు, అడవులు కాలినడకన దాటారు. దారిలో పోయిన వారు పోగా, మణిపూర్ దారిన బతికి వచ్చినవారు రైలు ముఖం చూసింది దిమాపూర్‌లోనే. యుద్ధానికి గుండ్లు మోసిన చిన్న బండే వారిని ఇంటిదారి పట్టించింది. ఒక వైపు మీటర్ గేజి మనవాళ్ళను మింగింది, ఇంకొక వైపు మీటర్ గేజి మనవాళ్ళను చేర్చింది. పట్టాలకు పాపం పుణ్యం ఉండవు, వేయించే వాడికే ఉంటాయి.

ఇంజనుకు నంబరు ఉంది

యుద్ధం 1945లో ముగిసింది. బర్మా వైపు పట్టాలు పీకేశారు. థాయ్‌లాండ్ వైపు కొంత భాగం మిగిలింది, నామ్ టోక్ అనే ఊరి వరకు రైలు నడుస్తోంది. కాంచనబురి వంతెన చూడటానికి దేశదేశాల వారు వస్తారు. దాని మీద 1952లో ఒక ఫ్రెంచి నవల, 1957లో ఒక ఇంగ్లీషు సినిమా వచ్చి లోకమంతా పేరు పొందింది. ఆ సినిమా కథంతా తెల్ల సైనికుల చుట్టూనే తిరుగుతుంది.

కాంచనబురిలో ఖైదీల శ్మశానం ఉంది. దాదాపు 7 వేల సమాధులు, వరుసలు వరుసలుగా, పచ్చగడ్డి మధ్య. చాలా రాళ్ళ మీద పేరు, వయసు, దళం చెక్కి ఉంటాయి. ఆ రైలు మార్గం ప్రారంభం రోజున నడిచిన ఇంజను కూడా భద్రంగా ఉంది. దాని నంబరు సి 5631. టోక్యోలోని యాసుకుని ఆలయపు ప్రదర్శనశాలలో పెట్టారు. ఇంజనుకు నంబరు ఉంది, సైనికుడికి రాయి ఉంది. వాళ్ళ పక్కనే మట్టి మోసిన తెలుగు కూలీకి, తమిళ కూలీకి పేరు కూడా మిగల్లేదు.

మలేషియాలోని భారత సంతతివారు ఏళ్ళ తరబడి ప్రయత్నం చేస్తూ వచ్చారు. బతికి ఉన్న ముసలివారిని వెతికి, వారి మాటలు రికార్డు చేశారు. 2023లో కాంచనబురిలోని ఒక బౌద్ధ ఆలయ ఆవరణలో ఆసియా కూలీల జ్ఞాపకార్థం ఒక రాయి నిలబెట్టారు. తమిళంలో దాన్ని నడుకల్ అంటారు. మన పొలిమేరల్లో కనిపించే వీరగల్లు లాంటిదే. ఎనభై ఏళ్ళ తర్వాత ఒక రాయి. ఆలస్యమే అయినా సంతోషించవలసిన విషయం.

మనం చేయవలసిన పని

ఇదంతా చదివి, ఎక్కడో థాయ్‌లాండ్‌లో జరిగింది మనకెందుకు అనుకోవచ్చు. మేమూ మొదట అలాగే అనుకున్నాం. కానీ ఆలోచిస్తే మన ఇళ్ళ సంగతి కూడా ఇదే. నల్లమల కనుమలో రాళ్ళు కొట్టి, కట్ట పోసి మన లైను వేసిన కూలీల పేర్లు ఎక్కడైనా ఉన్నాయా? దొర పేరు మీద వంతెన ఉంది, కూలీ పేరు మీద ఏమీ లేదు. మా తాత పుట్టిన తేదీ మా ఇంట్లో ఎవరికీ తెలియదు. చెప్పేవారు ఉన్నారు గానీ, రాసేవారు లేకపోయారు. మా ఇంట్లో డిగ్రీ దాకా వచ్చింది మేమే మొదటివాళ్ళం. మీలో చాలామంది ఇళ్ళలో అంతే.

చదువు ఉద్యోగం కోసమే అని అందరూ చెబుతారు. నిజమే, ఉద్యోగం కావాలి. కానీ బర్మా రైలు కథ మాకు నేర్పింది ఇంకొకటి. ఒకే అడవిలో, ఒకే జబ్బుతో, ఒకే పని చేస్తూ చచ్చిపోయిన ఇద్దరిలో ఒకడు లోకానికి తెలిశాడు, ఒకడు తెలియలేదు. పక్కన రాసుకునే వాడు ఉన్నవాడికి సమాధి రాయి దక్కింది. లేనివాడు 'సుమారు'లో కలిసిపోయాడు.

అందుకని తమ్ముళ్ళూ, ఈ దసరా సెలవులకు ఇంటికి పోయినప్పుడు ఒక నోటు పుస్తకం తీసుకుపోండి. మీ నాయనమ్మను, అమ్మమ్మను, ఊళ్ళో పెద్దవాళ్ళను కూర్చోబెట్టి అడగండి. మన వాళ్ళు ఎవరైనా రంగూన్ పోయారా, మలయా పోయారా, రైలు కట్ట పనికి పోయారా, సైన్యంలో చేరారా? తిరిగి వచ్చారా? వారి పేరేమిటి, ఎవరి కొడుకు, ఏ ఊరు? తెలిసినంత రాయండి. తెలియనిచోట ఖాళీ వదలండి, ఊహించి నింపకండి. వచ్చే సంవత్సరం ఈ సంచికలో ఆ పేర్లన్నీ ఒక పేజీలో అచ్చు వేయిద్దాం. పూర్వ విద్యార్థి అన్నలు కూడా తమ ఇళ్ళలో తెలిసినవి పంపించాలని కోరుతున్నాం.

మన హాస్టల్‌లో రోజూ రాత్రి హాజరు పిలుస్తారు. పేరు పిలిచినప్పుడు విసుగ్గా "ఉన్నాను సార్" అంటాం. ఆ రిజిస్టరులో మన పేరు ఉండటం ఎంత పెద్ద సంగతో బర్మా అడవిలో పోయిన ఆ తెలుగు కూలీలను తలచుకుంటే అర్థమవుతుంది.